పన్నెండు ఓదెలు

నందిగామ బస్టాండుకి అవతల ఒక విత్తనాల కొట్టు ఉంది. కుండీల్లో వేసుకోవడానికి పాలకూర గింజలు కావలసి మొన్న అక్కడికి వెళ్ళాను. నా ముందు ఒక రైతు పెసర విత్తనం కోసం వచ్చి నిలబడ్డాడు. కొట్టాయన సంచీ మీద చెయ్యేసి తట్టి మరీ చెబుతున్నాడు. ఈ రకం కాయ చేలోనే ఎండి గలగలలాడినా చిట్లదట. నింపాదిగా మిషన్ పెట్టి కోయించుకోవచ్చట. కూలీల కోసం తెల్లవారుజామున పరుగులు పెట్టే పని లేదట. ఒక్క గింజ కూడా నేల మీద పడదట.

"ఒక్క గింజ కూడానా?" అని అడిగాను, నాకేం సంబంధం లేకపోయినా.

"పడదు మేడం, గ్యారంటీ" అన్నాడాయన, నాకేదో శుభవార్త చెబుతున్నట్టు.

రైతుకి అది శుభవార్తే, కాదనను. నాకు మాత్రం మనసు చివుక్కుమంది. పాలకూర గింజల సంగతే మర్చిపోయి ఇంటికి వచ్చేశాను. కుర్చీలో కూర్చుని చూసుకుంటే చీర కుచ్చిళ్ళ నిండా ఉత్తరేణి గింజలు. రోడ్డు పక్కన నడిచినందుకు అంటుకున్నాయి. ఒక్కొక్కటే పీకుతూ కూర్చున్నాను. ఆ పని చేస్తూంటే మా అమ్మమ్మ గుర్తుకు రాకుండా ఉండదు.

నేను సైన్సు టీచరుగా చేసి రిటైరయ్యాను. కంచికచర్ల, జి.కొండూరు, ఈ చుట్టుపక్కల బళ్ళన్నీ తిరిగాను. విత్తనాలు ఎలా వ్యాపిస్తాయి అన్న పాఠం వస్తే నాకు పండగ. పిల్లల్ని బడి వెనక బీడులోకి తోలి, తిరిగొచ్చాక లంగాలకీ లాగులకీ ఏమేం అంటుకున్నాయో చూసుకోమనేదాన్ని. గాలికి పోయేవి, నీటికి పోయేవి, జంతువులు మోసేవి, తమంతట తామే పేలేవి. పేలేవాటికి ఉదాహరణ అడిగితే పుస్తకంలో ఉన్నట్టు బెండ, ఆముదం అని రాయించేదాన్ని. ఇన్నేళ్ళలో ఒక్క క్లాసులోనూ పెసర పేరు ఎత్తలేదు. ఎత్తితే ఆ ఓదెల సంగతి కూడా చెప్పాల్సి వస్తుందని భయం. ఇప్పుడు ఆ భయం దేనికి, చెప్పేస్తాను.

మా అమ్మానాన్నలు జగ్గయ్యపేట అవతల సున్నపురాయి తవ్వే చోట పనికి పోయి అక్కడే గుడిసె వేసుకున్నారు. ఆ దుమ్ములో పిల్లని పెంచలేమని నన్ను అమ్మమ్మ దగ్గర వదిలారు. ఆవిడ ఊరు చిల్లకల్లు నుంచి లోపలికి నడిచిపోతే వస్తుంది. ఊళ్ళో రైతుల ఇళ్ళు ఒక పక్క, మా పేట ఒక పక్క. పేటకీ ఊరికీ మధ్య నల్లరేగడి చేలు. అమ్మమ్మ ఒక ఆడముఠాకి పెద్ద. పన్నెండు పదమూడు మంది ఆడవాళ్ళు ఆవిడ మాట మీద పనికి కదిలేవాళ్ళు.

అమ్మమ్మకి చదువు లేదు. కానీ నేను ట్రైనింగులో చదువుకున్న పాఠమంతా ఆవిడ నాకు పదేళ్ళలోపే చెప్పేసింది. జిల్లేడు కాయ విచ్చుకుని దూది ఎగిరిపోతుంటే చూపించి, దీనికి దేవుడు రెక్కలిచ్చాడు అనేది. ఉత్తరేణికి కొక్కేలిచ్చాడు, ఎవరి గుడ్డ పట్టుకునైనా ఊరు దాటుద్ది. తుమ్మకాయకి మేకల్ని ఇచ్చాడు, పొట్టలో పెట్టుకుని తీసుకుపోతాయి. వేపపండుకి కాకుల్నిచ్చాడు.

"మరి పెసరకి?" అని అడిగితే నవ్వేది.

"పెసరకి కోపమిచ్చాడే. ఎండ తగిలితే చాలు, అమ్మ ఒళ్ళోంచి పిల్లల్ని అవతలికి ఇసిరేసిద్ది."

నిజంగానే అది కోపమే. పెసరకాయ నల్లబడి బాగా ఎండాక మధ్యాహ్నపు ఎండకి చిట్ మని పగులుతుంది. రెండు బద్దలూ చెరో పక్కకి మెలి తిరిగిపోతాయి, గింజలు ఎగిరి అంత దూరాన పడతాయి. మాకదే ఆట. నల్లకాయలు ఏరుకొచ్చి బండరాయి మీద వరసగా పేర్చి, మోకాళ్ళ మీద కూర్చుని ఎవరి కాయ ముందు పేలుతుందో, ఎవరి గింజ ఎక్కువ దూరం పోతుందో పందెం వేసుకునేవాళ్ళం. కాయ పేలేదాకా కళ్ళు ఆర్పకూడదు. ఒకసారి గింజ వచ్చి సరిగ్గా నా కంట్లోనే తగిలింది. అయినా ఆ పందెం నేనే గెలిచానని వాదించాను.

వానాకాలంలో ఇంకో ఆట ఉండేది. ఊదా పూల టపాకాయల మొక్క కాలవగట్టు నిండా మొలిచేది. దాని ఎండుకాయకి ఉమ్ము తడి తగిలితే కాసేపటికి టప్ మని పేలుతుంది. ఆదివారం చర్చిలో పెద్ద ప్రార్థన సాగుతుండగా నేను ఒక కాయని నాలుక మీద పెట్టి తడిపి, ముందు కూర్చున్నావిడ జాకెట్టు మెడలో వదిలాను. ఆవిడ ఎగిరి లేచింది. అమ్మమ్మ కళ్ళు తెరవకుండానే, ప్రార్థన ఆపకుండానే నాకు తొడపాశం పెట్టింది. ఆ మచ్చ వారం రోజులు ఉంది.

పెసర అంత కోపిష్టిది కాబట్టే దాన్ని పీకడానికి పద్ధతి ఉంది. చలి పోతూ ఎండలు మొదలయ్యే రోజుల్లో పంట చేతికొస్తుంది. ఒక రోజు ముందు పీకితే సగం కాయ పచ్చిది. ఒక రోజు ఆలస్యమైతే సగం గింజ నేల పాలు. ఆ రోజు ఏదో చెప్పడం మా అమ్మమ్మ పని. మా ముఠా ఎప్పుడూ పనిచేసే ఆసామి ఒకాయన ఉండేవాడు. పొడుగ్గా, మాట తక్కువగా ఉండేవాడు. ఆయన గట్టు మీద నిలబడితే అమ్మమ్మ చేలోకి దిగి అక్కడో కాయ ఇక్కడో కాయ తుంచేది. ఒకదాన్ని చెవి దగ్గర ఆడించేది. ఒకదాన్ని పంటి కింద పెట్టి కొరికేది. కాసేపు గాలి వైపు మొహం పెట్టి నిలబడేది. తర్వాత "ఎల్లుండయ్యా" అనేది. అంతే. ఆయన మారు మాట్లాడకుండా ఎల్లుండికి బండి కట్టించేవాడు. పక్క చేల రైతులు కూడా ఆవిడ ఏమందో కనుక్కుని తమ పని పెట్టుకునేవాళ్ళు. ఊళ్ళో రైతులు ఒక మాట కోసం మా పేట ఆడమనిషి మొహం వైపు చూడటం ఆ ఒక్క సందర్భంలోనే ఉండేది. నాకది ఎంతో గొప్పగా ఉండేది.

పీకే రోజున కోడి కూయకముందే చేలో ఉండాలి. మంచుకి తడిసిన కాయ మెత్తగా ఉంటుంది, ఎంత గుంజినా చిట్లదు. పీకిన మొక్కల్ని రెండు చేతుల నిండా పట్టినన్ని కలిపి గుట్టలుగా పెడతారు. వాటిని ఓదెలంటారు. వేళ్ళు పైకి, కాయలు లోపలికి, నేలకి ఆనించి పెట్టాలి. అప్పుడు ఎండ కాయకి తగలదు. పొద్దెక్కేలోపు బండి వచ్చి ఓదెలన్నీ కళ్ళానికి ఎత్తుకుపోతుంది. బండి వెళ్ళిపోయాక ఆ చేలో ఏం రాలి ఉంటే అది పీకిన ఆడవాళ్ళది. దాన్ని పరిగె అంటారు. కొమ్మన ఉన్నది ఆసామిది, నేల మీద రాలింది కూలీది. ఇది ఎవరూ రాసి పెట్టింది కాదు, ఎవరూ దాటేది కాదు. ఎండ రాల్చింది మనది అని అమ్మమ్మ చెబుతూ ఉండేది.

ఆ ఏడు నాకు చెప్పులు కావాలి. బడికి పోయే దారంతా పల్లేరు. ఆ కాయ ఎటు పడ్డా ఒక ముల్లు పైకే చూస్తూ ఉంటుంది. రోజూ సాయంత్రం అమ్మమ్మ నా కాళ్ళు ఒళ్ళో పెట్టుకుని తుమ్మముల్లుతో పల్లేరు ముక్కలు తీసేది. నీ కాళ్ళ మీదెక్కి అది ఊరంతా తిరుగుతోందే అనేది. నాకు నవ్వు వచ్చేది కాదు. క్లాసులో ముగ్గురికి చెప్పులున్నాయి. అందులో ఒకతి నడుస్తుంటే వచ్చే టపటప చప్పుడు నాకు పాఠం కన్నా బాగా వినపడేది. ఈసారి పరిగె బాగా దొరికితే చెప్పులు కుట్టే తాతకి పెసలు పోసి నీకు కుట్టిస్తా అని అమ్మమ్మ మాటిచ్చింది. ఎంత పరిగె కావాలి అంటే కుంచెడన్నా ఉండాలంది. అంతకు ముందేడు మా ఇంటికి వచ్చిన పరిగె అందులో సగం కూడా లేదు. బాగా పనిచేసే ముఠాకి పరిగె తక్కువే వస్తుంది మరి.

ఆ రోజు చేతికి చెయ్యి కనపడని చీకట్లోనే చేలో ఉన్నాం. బడి ఎగ్గొట్టి నేనూ వెళ్ళాను. పెసరాకు మీది నూగు చేతులకి గీరుకుని దురద పెట్టేది. తడిమట్టి వాసనా, పచ్చి ఆకు వాసనా కలిసి ఒక వగరు వాసన వచ్చేది. తూరుపు తెల్లబడేసరికి చేనంతా ఓదెలు పడ్డాయి. బండి రావాలి. రాలేదు. ఇరుసు విరిగి ఊళ్ళో ఆగిపోయిందని కబురొచ్చింది. ఆసామి దాని సంగతి చూడటానికి వెళ్ళాడు. ఆడవాళ్ళు వాగు దగ్గరికి పోయి మొహాలు కడుక్కుని, మూట కట్టుకొచ్చిన జొన్నన్నం గోంగూర పచ్చడితో తిని వస్తామన్నారు. మేకలు పడకుండా చూస్తుండమని నన్ను చేలో ఉంచారు. నాకు అన్నం తర్వాత తెస్తానంది అమ్మమ్మ.

నేను గట్టు మీద కూర్చున్నాను. మేకలు లేవు, మనుషులు లేరు. అరికాలులో పొద్దుటి ముల్లు సలుపుతోంది. ఎదురుగా గట్టు వెంబడి ఒక వరస ఓదెలు. కాయలన్నీ లోపలికి దాక్కుని, వేళ్ళు బయటికి పెట్టుకుని ఉన్నాయి. వాటిని అలా చూస్తూ చూస్తూ ఒక ఆలోచన వచ్చింది. నేను కాయ విప్పి గింజ తీస్తే అది దొంగతనం. కొమ్మ దులిపినా దొంగతనమే. కానీ ఓదెని ఊరికే తిరగేస్తే? నేను ఒక్క గింజ కూడా రాల్చను. ఎండ రాలుస్తుంది. ఎండ రాల్చింది మనది.

ఎంత తెలివి నాకు. లేచి మొదటి ఓదెని తిరగేశాను, కాయలు పైకి వచ్చేలాగా. ఏమీ కాలేదు. రెండోది, మూడోది. వరస చివరిదాకా పన్నెండు. ఒక్క గింజ కూడా నా చేత్తో రాలనివ్వకుండా, పసిపిల్లని తిప్పి పడుకోబెట్టినంత జాగ్రత్తగా తిప్పాను. ఆ జాగ్రత్త చూసుకుని నేను చాలా న్యాయంగా ఉన్నాననుకున్నాను.

పొద్దెక్కింది. ఆడవాళ్ళు తిని అక్కడే చెట్టుకింద నడుములు వాల్చినట్టున్నారు. మొదట ఎక్కడో ఒక కాయ చిట్ మంది. తర్వాత రెండు. తర్వాత వరసంతా అందుకుంది. గింజలు ఎగిరి నా కాళ్ళ మీద పడుతున్నాయి. నల్లరేగడి నేల ఆకుపచ్చగా అయింది. నల్లరేగడి అప్పటికే నెర్రెలు తీసి ఉంది, ఆ నెర్రెల్లోకి కూడా గింజలు జారిపోతున్నాయి. అవి పోతుంటే అయ్యో అనుకున్నాను, నా చెప్పులు పోతున్నాయని.

అమ్మమ్మకి వాగు దగ్గరినుంచే ఆ చప్పుడు వినపడింది. చీర కుచ్చిళ్ళు ఎగ్గట్టుకుని పరిగెత్తుకొచ్చింది. నా వైపు చూడలేదు. వరస మొదట్నుంచీ ఓదెల్ని ఒక్కొక్కటే మళ్ళీ సరిగా తిప్పుకుంటూ వెళ్ళింది. మిగతావాళ్ళు గట్టెక్కి వచ్చేసరికి పన్నెండూ సరిగానే ఉన్నాయి. బండి ఆలస్యమై ఎండకి రాలిందనుకున్నారు అందరూ. ఆసామి వచ్చి చూసి బండివాణ్ణి తిట్టాడు. బండి వెళ్ళాక ఆడవాళ్ళు సంబరంగా కొంగులు చాచి పరిగెకి దిగారు. అమ్మమ్మ కూడా దిగింది.

ఇంటికొచ్చాక అడిగింది, "ఎవరు రాల్చారే?"

"ఎండే రాల్చింది."

"ఎండకి చూపించిందెవరు?"

నేను నేల చూపులు చూశాను. ఆవిడ కొడుతుందనుకున్నాను. కొట్టలేదు. పేటంతా పెసలు చేటల్లో పోసుకుని ఉన్నారు, ఇప్పుడు చెబితే పన్నెండు కొంపల్లో పరిగె పోద్ది, ఇక ఏ చేలోనూ మనల్ని అడుగు పెట్టనివ్వరు అంది. ఈసారికి నోరు మూసుకుంటున్నది నీకోసం కాదు, వాళ్ళకోసం అంది. తర్వాత మా వాటా పెసలు కుంచానికి పోసి కొలిచింది. కుంచం నిండి పైన గోపురం కట్టింది. మర్నాడు చెప్పులు కుట్టే తాత దగ్గరికి తీసుకెళ్ళింది. అదెందుకు చేసిందో నాకు ఇప్పటికీ తెలియదు. ఆ పెసలు ఇంట్లో ఉండటం ఇష్టం లేకేమో.

చెప్పులు వచ్చాయి. కొత్త తోలు వాసన. రెండు రోజులు వాటిని పక్కలో పెట్టుకుని పడుకున్నాను. పల్లేరు మీద అడుగేసి నిలబడి చూసుకునేదాన్ని. సిగ్గు పడ్డానని చెబితే అబద్ధమవుతుంది. అంత సిగ్గు నాకు అప్పుడు లేదు.

ఎండాకాలం పోయి తొలకరి పడింది. దుక్కి దున్నకముందే ఒక సాయంత్రం ఆసామి మనిషిని పంపి అమ్మమ్మని చేను దగ్గరికి రమ్మన్నాడు. నేనూ వెంట నడిచాను. చేనంతా నల్లగా, ఖాళీగా ఉంది. గట్టు వెంబడి మాత్రం ఒక వరసలో పన్నెండు చోట్ల గుండ్రంగా, ఒత్తుగా పెసర మొలిచి ఉంది. నెర్రెల్లోకి జారిన గింజలు వానకి ఒక్కసారే లేచాయి. బండి ఆలస్యమై రాలితే చేనంతా రాలాలి. ఈ ఒక్క వరసే ఎందుకు రాలిందో చెప్పమని ఆయన అడిగాడు. గొంతు పెంచలేదు. ఆయన రైతు, మొలకల్ని చూసి ఏం జరిగిందో చదవగలడు.

చెప్పులు అప్పటికే విప్పి చేత్తో పట్టుకున్నాను, ఆయన ముందు అలాగే నిలబడాలి కాబట్టి. వాటిని వెనక్కి దాచాను.

"ఆ వరస నేను పేర్చిందేనయ్యా" అంది అమ్మమ్మ. "కళ్ళు మసకలు కమ్మినయ్యి. చీకట్లో కాయలు పైకి పెట్టినట్టున్నా."

ఎన్నాళ్ళనుంచి అని ఆయన అడిగాడు. పోయినేటినుంచి అని చెప్పింది. మరి కళ్ళు కనపడకుండా కాయ ఎట్టా చూస్తున్నావు అన్నాడు. అమ్మమ్మ కొంగు సర్దుకుని గట్టు దిగింది. అంతటితో అయిపోయింది సంగతి. ఆ మాట రెండు రోజుల్లో ఊరంతా తెలిసింది. ఇక ఆవిడని ఎవరూ చేలోకి దింపి రోజు చెప్పమని అడగలేదు.

మా అమ్మమ్మవి గద్ద కళ్ళు. దూరంగా రోడ్డు మీద పోయే బస్సు చిల్లకల్లుదో కాదో చెప్పేసేది. అలాంటి మనిషి ఆ రోజునుంచి నలుగురిలో కూర్చుంటే పక్కనున్నవాళ్ళకి సూది ఇచ్చి దారం ఎక్కించి పెట్టమనేది. బియ్యంలో రాళ్ళు ఏరేటప్పుడు చేటని మొహం దగ్గరికి తెచ్చుకునేది. ఇంట్లో మేమిద్దరమే ఉన్నప్పుడు దీపం లేకుండానే దారం ఎక్కించేది. నేను చూస్తున్నానని తెలిసి కూడా ఏమీ అనేది కాదు. నన్ను తిట్టినా బాగుండేది. చెప్పులు వేసుకుని బడికి పోతూనే ఉన్నాను, కానీ ఆ టపటప చప్పుడు అంత బాగా వినపడేది కాదు.

మళ్ళీ చలికాలం వచ్చి పోతోంది, పెసర నల్లబడింది. ఆసామి తనే చేలో తిరిగి చూసుకుని మూడు రోజుల తర్వాత పీకుదామని ముఠాకి చెప్పి పంపాడు. ఆ మధ్యాహ్నం అమ్మమ్మా నేనూ పుల్లలు ఏరుకుని ఆ చేను గట్టు మీదుగా వస్తున్నాం. ఆవిడ ఉన్నట్టుండి ఆగింది. మోపు నెత్తిమీద ఉండగానే మొహం పడమటికి తిప్పింది. పొడిగాలి తగిలింది. చేలో ఎక్కడో ఒక కాయ చిట్లింది. కాసేపటికి ఇంకోటి.

"రేపు తెల్లారేసరికి పీకకపోతే ఈ చేను ఆగదు" అంది. నాతో అన్నట్టు కాదు, తనలో తనే అనుకున్నట్టు.

వెళ్ళి చెప్పమన్నాను. చూపు లేనిదానికి ఎట్టా తెలిసిందని అడుగుతారు అంది. సంవత్సరమంతా కష్టపడిన చేను, పోతుంటే చూస్తూ ఊరుకుంటావా అన్నాను. ఆవిడ కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఆవిడ ఏడవడం నేను అదే చూడటం. మోపు సర్దుకుని ఇంటిదారి పట్టింది. నేను వెనకబడ్డాను. ఆవిడ మలుపు తిరిగాక ఊళ్ళోకి పరిగెత్తాను.

ఆసామి అరుగు మీద కూర్చుని మజ్జిగ తాగుతున్నాడు. ఆయన భార్య పక్కన మిరపకాయలు ఎండలో తిరగేస్తోంది. ఆ ఘాటుకి నాకు దగ్గొచ్చింది. ఏమ్మాయ్ అంది ఆవిడ. మా అమ్మమ్మ రేపే పీకమంటోందండి అని వాకిట్లోంచే చెప్పాను. ఆయన గ్లాసు కింద పెట్టాడు. మీ అమ్మమ్మకి చూపు తప్పింది కదా అన్నాడు.

"తప్పలేదండి. ఓదెలు నేను తిప్పాను."

ఇంతా చేసి ఎంత చిన్న మాట. అది చెప్పడానికి నాకు దాదాపు ఏడాది పట్టింది.

"ఎన్ని?" అన్నాడాయన.

"పన్నెండండి."

"నేనూ పన్నెండే చూశా" అన్నాడు. ఎందుకు తిప్పావని అడిగాడు. చెప్పులకోసం అని చెప్పాను. అప్పుడు ఆయన నా కాళ్ళ వైపు చూశాడు. చెప్పులు చేతిలో ఉన్నాయి. మీ అమ్మమ్మకి తెలుసా అన్నాడు. తలూపాను. ఆయన భార్య మిరపకాయలు తిరగేయడం ఆపింది. ఆయన మనిషిని పిలిచి రేపటికే బండి కట్టమని, ముఠాకి కబురు పెట్టమని చెప్పాడు. నేను ఇంటికెలా వచ్చానో నాకు గుర్తులేదు.

మర్నాడు మంచు పడుతుండగానే చేలో దిగాం. ఇంకా చీకటిగానే ఉంది. ఆసామి గట్టు మీదికొచ్చి అందరూ వింటుండగా అమ్మమ్మని పిలిచాడు.

"నీ కళ్ళు బానే ఉన్నయ్యంటగా. ఇక నించీ రోజు నువ్వే చెప్పు."

అమ్మమ్మ చేతిలో మొక్కలు కింద పెట్టింది. తర్వాత మెల్లిగా నా వైపు తిరిగింది. ముఠాలో ఎవరికీ ఏం అర్థం కాలేదు, ఆవిడకి అంతా అర్థమైంది. ఆవిడ సంతోషిస్తుందనుకుని రాత్రంతా ఎదురుచూశాను. నా పక్కగా పీక్కుంటూ వచ్చినప్పుడు ఒక్క మాట అంది.

"చూపు తగ్గినదాన్నంటే ఓర్చుకున్నా. ఇప్పుడు అబద్ధమాడినదాన్నయ్యానే."

ఆ తర్వాత పొద్దున్నంతా నాతో మాట్లాడలేదు. నేను చేసింది మంచో చెడో నాకే తెలియలేదు.

ఆవిడ చెప్పినట్టే అయింది. పక్క చేలన్నీ ఆ మధ్యాహ్నానికే చిట్లడం మొదలుపెట్టాయి. మా ఆసామి పంట మాత్రం పొద్దు బారెడెక్కేసరికి చివరి బండి కూడా ఎక్కేసింది. నేల మీద గింజే లేదు. ఆడవాళ్ళు పరిగెకి కొంగులు దోపుకుని ఏముంది ఇక్కడ ఏరుకోవడానికి అని గొణుక్కుంటున్నారు. అప్పుడు ఆసామి బండి ఆపమన్నాడు. పైనుంచి రెండు చేతుల నిండా పట్టినంత పెసర దింపి, చేను మధ్యలోకి నడిచి వెళ్ళాడు. కాయలు పైకి, వేళ్ళు కిందికి పెట్టి, ఎండ తగిలేలా తిప్పి వదిలేశాడు. మా వైపు చూడకుండానే తిరిగొచ్చాడు. అందరికీ మొహాలు విచ్చుకున్నాయి. నేనైతే ఎగిరి గంతేసినంత పని చేశాను.

అమ్మమ్మ నడిచి ఆ ఓదె దగ్గరికి వెళ్ళింది. వంగి దాన్ని రెండు చేతులా ఎత్తి, కాయలు తన వైపుకి వచ్చేలా గుండెకి ఆనించుకుంది. తెచ్చి బండి మీద పెట్టింది.

"రాలితే ఏరుకుంటామయ్యా. రాల్చి పెట్టొద్దు" అంది.

ఆయన మొహం ఎర్రబడింది. కోపమో మరొకటో తెలియదు. బండి తోలమన్నాడు. ముఠాలో ఒకావిడ అమ్మమ్మని వెనకనుంచి శాపనార్థాలు పెట్టింది. నాకు కూడా ఒళ్ళు మండిపోయింది. ఇచ్చింది తీసుకుంటే పోయేదేముంది అనుకున్నాను. నిజం చెప్పాలంటే, బియ్యం డబ్బాలో గింజలు అడుగంటిన రోజుల్లో పెద్దయ్యాక కూడా ఆ ఓదె గుర్తొచ్చి అలాగే అనుకున్నాను. ఉద్యోగం వచ్చి, సొంత జీతంతో బతకడం మొదలయ్యాకే ఆవిడ చేసింది నాకు కాస్త అర్థమైంది. ఆ తర్వాత ఎన్ని ఏళ్ళు ఉన్నా ఆవిడ చెప్పిన రోజు ఒక్కటీ తప్పలేదు. ఎవరి దగ్గరా సూదిలో దారం ఎక్కించుకోలేదు కూడా. ఇప్పుడు ఆ చేలలో పత్తి, మిరప. ఓదెలు పెట్టేవాళ్ళు లేరు, పరిగె ఏరేవాళ్ళూ లేరు. ఆవిడ మొహం ఒక్కసారి చూడాలని ఈ వయసులో కూడా ఎంత అనిపిస్తుందో చెప్పలేను.

ఆ రోజు ఎండ నడినెత్తికి వచ్చేదాకా ఏరితే మా ఇద్దరికీ కలిపి దొరికింది సోలెడు పెసలు. సాయంత్రం ఆవిడ వాటిని ఉప్పేసి గుగ్గిళ్ళు ఉడికించింది. వాకిట్లో ఎదురెదురుగా కూర్చుని, ఆకుల్లో వేసుకుని తిన్నాం. పొద్దుటినుంచీ నాతో మాట్లాడలేదు కదా, అప్పుడూ మాట్లాడలేదు. నా ఆకులోవి అయిపోయాయి. ఆవిడ తన ఆకులోంచి ఒక గుప్పెడు తీసి నా చేతిలో పోసి, వేడిగా ఉన్నాయి, ఊదుకుని తిను అంది.